బొమ్మ అడుగున పేరు

బొమ్మల చెక్కను తిప్పే తరిణె చప్పుడు ఆగిపోయి అది మూడో రోజు.

సనాయె పొయ్యి దగ్గర నిలబడి చారులోకి ముల్లంగి ముక్కలు తరుగుతోందన్న మాటే గానీ చెవి మాత్రం పెరట్లోని పనిపాక వైపే ఉంది. పాక తలుపుకి లోపల గడియ వేసి ఉంది. ఆదివారం నాడు భర్త షూజో తాను గీసిన ముప్ఫైరెండు బొమ్మలనూ ఒక్కొక్కటిగా కట్టెల పొయ్యిలో పెట్టి, అన్నీ బూడిదయ్యేదాకా కూర్చుని, ఆ గడియ వేసుకున్నాడు. తిండికి వస్తున్నాడు. స్నానానికి వస్తున్నాడు. మాట మాత్రం లేదు.

ఆ ముప్ఫైరెండింటిలోనూ ఒకటే తప్పు. కన్ను చివర పైకి లేచింది.

వచ్చే ఆదివారం మామగారు కిన్‌పే ముప్ఫైమూడో ఏటి తిథి. అదే ఆఖరిది. ఆ తర్వాత ఆయనకంటూ విడిగా తిథి పెట్టరు, పెద్దలందరిలో కలిసిపోతాడు. ఆ రోజున తమ ఒనోదెరా ఇంటి కొడుకు తన చేత్తో, తరతరాలుగా వస్తున్న ఇంటి ముఖం గీసి, అడుగున తన పేరు రాసి, ఒక కొకేషి బొమ్మను తండ్రి ముందు పెట్టాలి. చేతులూ కాళ్ళూ లేని చెక్కబొమ్మ అది; గుండ్రటి తల, నున్నటి ఒళ్ళు, ఉన్న ప్రాణమంతా ముఖంలోనే. తమ ఊరి యునొసావా బాణీ పెద్దలు ముగ్గురు వచ్చి ఆ బొమ్మను చేతిలోకి తీసుకుని చూస్తారు. ఔనంటే ఆ ముఖం ఇంకా ఈ ఇంట్లో ఉన్నట్టు. అప్పుడే చిజురుని శిష్యురాలిగా ఒప్పుకుంటారు. కాదంటే ఆ ముఖం కిన్‌పేతోనే పోయిందని రాసుకుంటారు. ఇక చిజురు జన్మంతా చెక్క తొలిచినా అవి బజారు బొమ్మలే.

చిజురు వచ్చి తల్లి పక్కన నిలబడింది. ఇరవై రెండేళ్ళ పిల్ల. మూడేళ్ళుగా తండ్రి దగ్గర బొమ్మలకి ఒళ్ళు తొలుస్తోంది గానీ, ముఖం మీద కుంచె పెట్టనివ్వలేదు ఆయన.

"చెప్పావా?" అంది.

సనాయె కత్తి ఆపలేదు. "ఇంకా లేదు."

"ఆ మనిషి పదకొండింటికి వస్తున్నాడమ్మా. ఇప్పుడు టైమెంతో తెలుసా?"

ఆ మనిషంటే టీవీ వాళ్ళ తరపున వస్తువులు చేయించే హిరోసే. శనివారం ఫోన్ చేశాడు. 'పొగమంచు స్టేషన్' సీరియల్ ఇప్పుడు సినిమాగా వస్తోందనీ, ఈసారి కథానాయిక మారిందనీ, కాబట్టి దాని కోసం వీళ్ళు చేసే బొమ్మ ముఖం కూడా కాస్త మారుతుందనీ చెప్పాడు. సనాయె వెంటనే సరేనంది. పదకొండేళ్ళుగా అతను అడగడం, ఆమె సరేననడం అలవాటైపోయింది. ఆ మర్నాడే షూజో బొమ్మలన్నీ కాల్చాడు. ఇక ఆ మాట చెప్పడానికి ఆమెకి నోరు రాలేదు.

"నాన్న తిని లేచాక చెప్తాను."

"ఏమని చెప్తావు? ఉన్న ముఖం పోయింది, ఇదిగో ఇంకోటి తెచ్చానని చెప్తావా?"

సనాయె కూతురి వైపు తిరిగి చూసింది. పిల్ల కళ్ళలో కోపం కన్నా భయమే ఎక్కువ కనిపించింది. మళ్ళీ ముల్లంగి వైపు తిరిగింది.

ముందుగదిలో అత్తగారు తోవా టీవీ పెట్టుకుని కూర్చుంది. పొద్దుటిపూట 'పొగమంచు స్టేషన్' పాత భాగాలే మళ్ళీ వేస్తారు. ఎనభై మూడేళ్ళావిడ. పదకొండేళ్ళలో ఒక్క భాగం వదల్లేదు. కథలో స్టేషన్ మాస్టరైన మిదోరి ప్రతివారం ఎవరినో నమ్మి మోసపోతుంది. తోవా ప్రతివారం ఆమెని తిడుతుంది. వాడు మంచివాడు కాదని మొన్ననే చెప్పాను కదే, చెవిన పెట్టవేం, అని అప్పుడూ తెరతో అంటూనే ఉంది.

ఆ మిదోరి టికెట్టు కిటికీలో ఒక కొకేషి బొమ్మ ఉంటుంది. ఎవరితోనూ చెప్పుకోలేనిది ఆఖరి బండి వెళ్ళాక ఆ బొమ్మతో చెప్పుకుంటుంది. కథంతా అంతే. కానీ దేశమంతటా వేలమంది ఆ బొమ్మను కొనుక్కుని, వాళ్ళూ చెప్పుకోవడం మొదలుపెట్టారు. బొమ్మను చంకలో పెట్టుకుని, కథ తీసిన ఈ యునొసావా స్టేషనుకి వచ్చి, ఆ కిటికీ ముందు వరసలో నిలబడతారు. మనిషికి రెండు నిమిషాలని స్టేషన్ వాళ్ళు బోర్డు పెట్టాల్సివచ్చింది.

ఊళ్ళో మురుగుకాలవ మూతల మీద అదే ముఖం. రైలుపెట్టె పక్కన అదే ముఖం. వేడినీళ్ళ స్నానశాల గుమ్మానికి వేలాడే తెర మీద, మిఠాయి కొట్లో ఎర్రచిక్కుళ్ళ బూరెల మీద, ఆఖరికి పోస్టాఫీసు ముద్ర మీద కూడా. షూజో ఈ మధ్య క్షవరానికి పక్క ఊరు వెళుతున్నాడు. ఇక్కడి మంగలి కొట్లో అద్దం కింద పన్నెండు బొమ్మలు వరసగా ఉంటాయి.

ఆ కథ రాకముందు ఊరెలా ఉండేదో సనాయెకి బాగా గుర్తు. పద్నాలుగు సత్రాల్లో తొమ్మిది మూతబడ్డాయి. రైలు ఆపేస్తామని కాగితం అంటించారు. అలాంటి రోజుల్లో టీవీ వాళ్ళు వచ్చి, కొట్లో అరమీది బొమ్మను ఎత్తి చూసి, బాగుందన్నారు. అయితే కన్ను చివర కాస్త పైకి లేపాలనీ, పెదవి ఎడమకొసన చిన్న నవ్వు పెట్టాలనీ, అప్పుడు మా నటి పోలిక వస్తుందనీ అడిగారు. షూజో కుదరదన్నాడు. ఇంటి ముఖంలో కన్ను ఒక్క గీత, కిందికి చూస్తుంది. పెదవి ఒక్క ఎర్రచుక్క. దాన్ని మార్చే హక్కు తనకి లేదన్నాడు.

సనాయె మూడురోజులు ఆలోచించింది. మూడోరోజు అన్నం వడ్డిస్తూ చెప్పింది: అది మన ముఖం కాదు కదా, మన పేరెందుకు రాయడం? అడుగు ఖాళీగా వదిలేయండి, వాళ్ళ ముద్రే వేసుకుంటారు. అప్పుడు మామయ్యగారి పేరుకి మచ్చ రాదు.

షూజో చాలాసేపు ఆలోచించి తలూపాడు. తమ బాణీది కాని ముఖం కింద పేరు రాయకూడదన్నది వాళ్ళ నియమం. ఆ నియమాన్నే ఆమె దారిగా చూపించింది. ఆ రోజు తన తెలివికి తానే మురిసిపోయింది. ఒప్పందం మీద సంతకానికి బదులు ఇంటి ముద్ర కూడా తానే వేసింది.

నలభై నాలుగు వేల ముఖాలు గీశాడు షూజో. ఒక్కదాని కిందా పేరు లేదు. పేరు రాయదగిన ముఖం గీయడానికి ఈ పదకొండేళ్ళలో ఒక్కరోజు తీరిక దొరకలేదు. దొరుకుతుందిలే, ఎక్కడికి పోతుంది, అనుకున్నారు ఇద్దరూ.

పాక తలుపు గడియ తీసిన చప్పుడైంది.

షూజో వచ్చి తన చోట కూర్చున్నాడు. గడ్డం మాసి ఉంది. చారు తాగాడు. అన్నం సగం తిన్నాడు. తోవా టీవీ గొంతు తగ్గించింది.

"ఆదివారం కుమగాయి గారితో చెప్పేస్తాను," అన్నాడు. మూడు రోజుల తర్వాత అదే మొదటి మాట. "ముఖం పోయిందని."

కుమగాయి అంటే ఆ ముగ్గురు పెద్దల్లో పెద్దాయన. కిన్‌పేతో కలిసి ఒకే గురువు దగ్గర నేర్చుకున్నవాడు.

చిజురు చాప్‌స్టిక్స్ కింద పెట్టింది. "మరి నా సంగతేంటి నాన్నా?"

"నా దగ్గర లేనిది నీకెక్కడినుంచి తెచ్చివ్వను?"

"తాతయ్య గీసిన బొమ్మ ఆయన పటం దగ్గరే ఉందిగా. చూసి గీయి."

"చూసే గీశాను. ముప్ఫైరెండు సార్లు."

తానెలా గీశాడో చెప్పసాగాడు, ఎవరినీ చూడకుండా. కన్ను మొదలుపెట్టేటప్పుడు బాగానే ఉంటుంది. కుంచె సగం దూరం పోయేదాకా అది నాన్న కన్నే. అక్కడినుంచి చెయ్యి తనంతట తాను పైకి పోతుంది. ఆపితే గీత వణుకుతుంది. ఆపకపోతే ఆ పిల్ల నవ్వుతుంది. ఇంట్లో మిదోరిని 'ఆ పిల్ల' అనే అంటాడు.

"చూసి గీస్తే అది అచ్చు గుద్దడమే. ముఖం బొమ్మని చూసి నేర్చుకోరు, చేతిని చూసి నేర్చుకుంటారు. ఆరేళ్ళు ఎడంపక్కన కూర్చుని నాన్న చెయ్యి చూశాను నేను. నువ్వు చూడ్డానికి నా చేతిలో ఏముంది?"

చారు చల్లారిపోయింది.

ఇప్పుడు కాకపోతే ఇంకెప్పుడూ చెప్పలేననుకుంది సనాయె. చేతులు ఒడిలో పెట్టుకుంది. "పదకొండింటికి హిరోసే గారు వస్తున్నారు. కొత్త సినిమాకి బొమ్మలు కావాలట. నేను శనివారమే సరేనన్నాను."

షూజో ఆమె వైపు చూశాడు. ఆమె అరుస్తాడనుకుంది. అరిస్తే బాగుండుననుకుంది.

"ఈసారి కన్ను ఎటు తిప్పాలట?"

"కిందికట."

"కిందికి," అన్నాడు షూజో. నవ్వులాంటిదేదో వచ్చి పోయింది. "పదకొండేళ్ళ కిందట నా కన్ను కిందికే ఉండేది. అప్పుడు పనికిరాలేదు."

"కొత్త పిల్ల కళ్ళు నాకూ నచ్చలేదురా," అంది తోవా. "నిద్రమొహంలా ఉంది."

చిజురు ఫక్కున నవ్వబోయి ఆపుకుంది. ఆ నవ్వు అక్కడే చచ్చిపోయింది.

సనాయె తల వంచుకుంది. "తప్పు నాది. అప్పుడు పేరు రాయొద్దన్నది నేనే."

"నువ్వన్నావు. నేను విన్నాను." షూజో గిన్నె మీద మూత పెట్టాడు. "నువ్వు అనకపోయినా ఏదో ఒకటి చూసుకుని ఒప్పుకునేవాణ్ణే. రైలు ఆగిపోతుందంటే అందరిలాగే నాకూ భయం వేసింది."

ఆ మాటతో ఆమె బరువు తగ్గలేదు. ఇన్నేళ్ళూ తానొక్కతే మోస్తున్నాననుకున్నది ఆయనా మోస్తున్నాడని తెలిసి, మరింత బరువైంది.

అప్పుడే కొట్టు గుమ్మానికి కట్టిన గంట మోగింది. హిరోసే ముందే వచ్చేశాడనుకుని సనాయె చేతులు తుడుచుకుంటూ లేచింది.

హిరోసే కాదు. గుమ్మంలో అరవై దాటిన ఒకావిడ నిలబడి ఉంది. భుజాల మీద కరిగిన మంచు. తన పేరు కవాజోయె అనీ, దక్షిణాన చిట్టచివరి దీవినుంచి రెండురోజులు ఓడలూ రైళ్ళూ మారుతూ వచ్చాననీ చెప్పి, నడుము దాకా వంగింది. ఒక గుడ్డ మూట విప్పింది. అందులో కొకేషి బొమ్మ ఉంది. తల నున్నగా, ఖాళీగా. ముఖం లేదు.

"అరిగిపోయిందండీ," అందావిడ. "మళ్ళీ గీస్తారేమో అడుగుదామని."

సనాయె ఏం చెప్పాలో తోచక, స్టేషను దగ్గర కొత్తవి దొరుకుతాయంది.

"వాళ్ళూ అదే అన్నారు. కొత్తది కొనుక్కోమ్మా అని. కొత్తదానికి ఏమీ తెలియదు కదండీ."

తొమ్మిదేళ్ళ కిందట ఆవిడకీ చెల్లెలికీ మాట తెగింది. ఏదో చిన్న విషయం; తప్పు తనదే. రోజూ సాయంత్రం మిదోరి లాగే బొమ్మను ఎదురుగా పెట్టుకుని, చెల్లెలితో చెప్పాల్సిన మాట చెప్పి, బొటనవేలితో దాని మొహం తుడిచేది. రేపు నిజంగా చెప్తాననుకునేది. పోయిన శరదృతువులో చెల్లెలు చనిపోయింది.

"దీనికి చెప్పుకోకపోయుంటే చెల్లెలికే చెప్పేదాన్నేమో," అందావిడ, ఎవరినో నిష్ఠూరమాడుతున్నట్టు కాదు, ఊరికే. "ఇప్పుడు దీనికి కూడా మొహం లేదు."

షూజో ఎప్పుడొచ్చాడో సనాయె వెనక నిలబడి ఉన్నాడు. చెయ్యి చాపి బొమ్మను తీసుకున్నాడు. తిప్పి చూశాడు. కర్ర పొరలు చూసి, ఇది రెండో ఏడు చేసినదన్నాడు. ఆ ఏడు మంచు ముందే పడి, ఈ కర్ర ఇచ్చే మిజుకి చెట్లు ఆలస్యంగా కొట్టామన్నాడు. తర్వాత పాక వైపు నడిచాడు. రమ్మనలేదు, వద్దనలేదు. ఆవిడ వెనకే వెళ్ళింది. సనాయె వెళ్ళింది. చిజురు నానమ్మ చెయ్యి పట్టుకుని నడిపించింది.

పాకలో చలిగా ఉంది. షూజో బొమ్మ తలను తరిణెకి బిగించి, మైనం పొర గీకి, పైపైన ఒక పొర తీశాడు. మూడు రోజుల తర్వాత ఆ చప్పుడు వినగానే సనాయె ఒక అడుగు దగ్గరికి జరిగింది. సిరా నూరాడు. కుంచె ముంచి, ఆవిడని ఒక మాట అడిగాడు.

"మీ చెల్లెలు మీకన్నా ఎన్నేళ్ళు చిన్న?"

"నాలుగేళ్ళండీ."

తలూపి, ఊపిరి వదిలి, కన్ను గీశాడు.

ఒక్క గీత. ఎక్కడా ఆగలేదు, వణకలేదు. చివర గాలిలోకి లేచినట్టు పైకి పోయింది. రెండో కన్ను. ముక్కు. పెదవి ఎడమకొసన చెప్పీ చెప్పని నవ్వు. సనాయె ఈ ముఖాన్ని వేలసార్లు చూసింది, పెట్టెల్లో సర్దింది, దారం కట్టింది. ఇవాళ చూసినట్టు ఎప్పుడూ చూడలేదు. ఎదురుగా ఎవరో నిలబడి, చెప్పు, వింటున్నాను, అంటున్నట్టుంది.

ఆవిడ రెండు చేతులా నోరు మూసుకుంది.

తోవా ముందుకి వంగి బొమ్మను చూసింది. "షూజో, ఇది ఆ టీవీ పిల్ల మొహం కాదురా. నేను రోజూ చూస్తాను, నాకు తెలీదా. దాని నవ్వులో ఇంత జాలి లేదు. ఇది నీది."

షూజో కుంచె కింద పెట్టలేదు. "నాది కాదమ్మా. వాళ్ళది. కాగితం మీద వాళ్ళదే."

"కాగితం సంగతి నాకు తెలీదు. చెయ్యి సంగతి చెప్తున్నాను. ముప్ఫై ఏళ్ళు మీ నాన్న చెయ్యి చూశాను."

"నాన్న ఒప్పుకుంటాడా దీన్ని? ఆదివారం?"

తోవా అబద్ధం చెప్పే మనిషి కాదు. "కుమగాయి ఒప్పుకోడు," అంది. బొమ్మ మీదనుంచి చూపు తిప్పకుండా, "మీ నాన్న సంగతి నాకూ తెలీదురా," అంది.

కవాజోయె బొమ్మను రెండు చేతులా అందుకుంది. కళ్ళు తుడుచుకుని, అడుగు తిప్పి చూసింది. అక్కడ కాల్చి వేసిన టీవీ వాళ్ళ రైలు ముద్ర ఉంది. అంతే. ఈ తొమ్మిదేళ్ళూ దీన్ని చేసిందెవరా అని వెతికాననీ, ఎక్కడా పేరు కనపడలేదనీ, ఊళ్ళో దిగాక ముగ్గురిని అడిగితే ఒనోదెరా ఇల్లు చూపించారనీ చెప్పింది. "కృతజ్ఞత చెప్పుకోవాలంటే ఎవరికి చెప్పుకోవాలో తెలియలేదండీ."

షూజో చెయ్యి చాపాడు. ఆవిడ బొమ్మను మళ్ళీ ఇచ్చింది. ఆయన దాన్ని తలకిందులు చేసి, మోకాళ్ళ మధ్య పెట్టుకుని, సన్న కుంచె తీశాడు.

ఏం చేయబోతున్నాడో సనాయెకి అర్థమైంది. బొమ్మ మీద చేసినవాడి పేరు ఉండకూడదని ఆ ఒప్పందంలో రాసి ఉంది. ఆ మాట పెట్టమని అడిగింది తానే. అది తప్పితే బొమ్మలు ఇంకెక్కడో యంత్రం మీద చేయించుకోవచ్చని కూడా ఉంది. అదీ తాను చదివే ముద్ర వేసింది. ఒక్క అడుగు వేస్తే ఆయన మణికట్టు అందుతుంది.

ఆమె కదల్లేదు.

"చిజురూ," అన్నాడు షూజో, తలెత్తకుండా. "ఇలా వచ్చి ఎడంపక్కన కూర్చో."

చిజురు తల్లి వైపు చూసింది. ఎడంపక్క శిష్యులు కూర్చునే చోటు. ఆదివారం పెద్దలు ఔనన్నాక కూర్చోవాల్సిన చోటు. "నాన్నా, ఇది ఇంటి ముఖం కాదు కదా," అంది మెల్లగా.

"కాదు. ఇది నేర్చుకుంటే వాళ్ళు నిన్ను లోపలికి రానివ్వరు. నా దగ్గర ఉన్నది ఇదే. వద్దంటే లేచి వెళ్ళు, నేనేమీ అనుకోను."

పిల్ల నానమ్మ చెయ్యి వదిలింది. తర్వాత వెళ్ళి కూర్చుంది. కూర్చున్నాక ఏడ్చింది, చప్పుడు లేకుండా.

షూజో రైలు ముద్ర పక్కన రాయడం మొదలుపెట్టాడు. ఒనోదెరా. పదకొండేళ్ళుగా రాయని చెయ్యి, మొదటి అక్షరం కొంచెం వంకరపోయింది. షూజో.

"పాకలో ఉన్నారా?" అని వెనకనుంచి వినపడింది.

కొట్టు దాటి పెరట్లోకి వచ్చేశాడు హిరోసే. చంకలో పొడుగాటి అట్టపెట్టె. కొత్త ముఖం నమూనా అందులోనే ఉంటుంది. నవ్వుతూ వచ్చినవాడు గడప దగ్గర ఆగిపోయాడు. అతని చూపు షూజో మోకాళ్ళ మధ్యకి పోయింది. ఇంకా ఆరని సిరా మీద.

"షూజో గారూ," అన్నాడు మెల్లగా. మర్యాదస్తుడు. పదకొండేళ్ళలో ఒక్కసారి గొంతు పెంచలేదు. "ఆ పేరు..."

"నేనే రాయమన్నానండీ," అంది సనాయె.

షూజో తలెత్తి ఆమెని చూశాడు.

"అప్పుడు వద్దన్నది నేను. ఇవాళ రాయమన్నదీ నేనే. మీ పైవాళ్ళు అడిగితే అలాగే చెప్పండి." ఆమె గడప దగ్గరికి నడిచింది. "లోపలికి రండి హిరోసే గారూ. టీ పెడతాను."

హిరోసే పెట్టెను నెమ్మదిగా గడప మీద ఆనించాడు. ఫోన్ తీశాడు. ఆ పేరు వైపు మరోసారి చూశాడు.

లోపలికి రావడానికి బూట్లు మాత్రం విప్పలేదు.